దుంప తవ్విన గుంట కూడా సాక్ష్యమే



అన్నలూ, అక్కలూ, తమ్ముళ్ళూ, చెల్లెళ్ళూ... ఈరోజు ఒక చిన్న పువ్వు గురించి చెప్తాను. హక్కుల గురించి మాట్లాడమంటే పువ్వు సంగతేంటి అనుకోకండి. చివరిదాకా వినండి.

కెనడా పడమటి వైపు, బ్రిటిష్ కొలంబియా కొండల్లో సిల్కోటిన్ అనే ఆదివాసీ జాతి ఉంది. అక్కడ చలికాలమంతా మంచే. వసంతంలో మంచు కరిగేటప్పుడు, ఆ తడి నేలలోంచి ముందుగా లేచే మొక్కల్లో ఒకటి జానెడు కూడా ఉండదు. తెల్లటి పువ్వు, రేకుల మీద సన్నటి గులాబీ గీతలు. ఇంగ్లీషులో స్ప్రింగ్ బ్యూటీ అంటారు. దారిన పోయేవాళ్ళకి అది పువ్వు. సిల్కోటిన్ వాళ్ళకి తిండి. కింద గోలీకాయంత దుంప ఉంటుంది. కర్రతో తవ్వి, ఉడికించి తింటే ఆలుగడ్డ లాగే ఉంటుంది. ఈ దుంపల కోసం వాళ్ళు కుటుంబాలతో వెళ్ళే కొండకి పొటాటో మౌంటెన్ అనే పేరే పడిపోయింది.

1983లో ప్రభుత్వం ఆ జాతి తమదనుకునే అడవిలో చెట్లు కొట్టడానికి ఒక కంపెనీకి లైసెన్సు ఇచ్చింది. జనం ఎదురు తిరిగారు, కోర్టుకెక్కారు. ప్రభుత్వం ఏమంది? మీరు కొద్దిమంది, ఒకచోట స్థిరంగా ఉండరు, అంత అడవి మీదెలా అవుతుంది అంది. ఈ మాట మనకేమైనా కొత్తా?

కింది కోర్టులో విచారణ ఐదేళ్ళ కాలంలో 339 రోజులు జరిగింది. పెద్దవాళ్ళు వచ్చి సాక్ష్యం చెప్పారు. ఎక్కడ వేటాడారో, ఎక్కడ చేపలు పట్టారో, ఎక్కడ దుంపలు తవ్వారో చెప్పారు. 2012లో అప్పీలు కోర్టు ఒప్పుకోలేదు. తిరిగిన నేలంతా మీది కాదు, గట్టిగా వాడుకున్న ముక్కలు చూపించండి అంది. 2014 జూన్ 26న కెనడా సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. వేట, చేపలు, అడవి తిండి సేకరణ కోసం క్రమం తప్పకుండా వాడుకున్న నేల కూడా ఆ జాతి నేలే అని చెప్పింది. సుమారు 1,750 చదరపు కిలోమీటర్ల మీద వాళ్ళ హక్కు ప్రకటించింది.

ఆ తీర్పు మన కోర్టుల మీద చెల్లదు కదా అంటారు. నిజమే. కానీ మన చట్టంలో ఏముందో చూద్దాం.

2006 అటవీ హక్కుల చట్టం సెక్షన్ 2(ఐ) తీయండి. చిన్న తరహా అటవీ ఉత్పత్తులు అంటే ఏమిటో చెప్పేచోట వెదురు, తేనె, తునికాకుతో పాటు వేర్లు, దుంపలు అని రాసి ఉంది. సెక్షన్ 3(1)(సి) వాటి మీద మనకి యాజమాన్య హక్కు ఇచ్చింది. నిబంధనల్లో 13వ నిబంధన ఇంకా ముందుకెళ్ళింది. సామూహిక హక్కులకి ఆధారాలు ఏవో చెబుతూ, దుంపలు, వేర్లు సేకరించే ప్రాంతాలు కూడా ఆధారమే అంది. పెద్దవాళ్ళు చెప్పింది రాసుకున్న వాంగ్మూలం కూడా ఆధారమే. 2012 సవరణ ప్రకారం ఫలానా కాగితమే తెమ్మని అధికారులు పట్టుబట్టకూడదు.

మా ఊరి గ్రామసభలో ఒక అధికారి "ఈ అడవి మీరు వాడుకున్నట్టు ఆధారం ఏది?" అని అడిగాడు. అందరం తలలు దించుకున్నాం. డిగ్రీ చదివిన నేను కూడా. ఆ రోజు వెనక వరసలో మా అవ్వ కూర్చుని ఉంది. ఏ గుట్ట వెనక ఏ తీగ ఉందో, ఏ దుంప తీపో, ఏది చేదో, చేదు దుంపని ఉడకబెట్టి ఎన్నాళ్ళు వాగు నీళ్ళల్లో ఉంచాలో ఆమెకి తెలుసు. దుంప తీశాక తీగ తల గుంటలోనే వదిలి మట్టి కప్పేది, మళ్ళీ ఏడాదికి రావాలని. ఆ గుంటలే ఆధారం. ఆమెని ఎవరూ అడగలేదు. నేనూ అడగలేదు. ఎందుకంటే హాస్టల్లో చదువుకునే రోజుల్లో దుంపలు తినేవాళ్ళం అని చెప్పుకోవడానికి సిగ్గుపడినవాణ్ణి నేను. ఆ సిగ్గే మన సాక్ష్యాన్ని మన చేతులతో పూడ్చిపెట్టింది.

పోడు పట్టా కోసం మనం చాలా తిరిగాం. తిరగాలి కూడా. కానీ పట్టా వచ్చేది దున్నిన చెక్కకే. దుంపలు తవ్విన అడవికి సామూహిక హక్కు వేరేగా అడగాలి. దానికి ఫారం-బి ఉంది. మొత్తం సామూహిక అటవీ వనరుకి ఫారం-సి ఉంది.

కాబట్టి ఒక్క పని చేయండి. ఊరెళ్ళాక అవ్వనో తాతనో తీసుకుని, ఓపిక ఉన్నంత దూరం అడవిలోకి నడవండి. నడవలేని వాళ్ళయితే పక్కన కూర్చుని అడగండి. దుంప పేరు మన భాషలోనే రాసుకోండి. చోటు పేరు, వాగు పేరు, ఏ నెలలో తవ్వుతారో రాసుకోండి. ఫోన్లో గొంతు రికార్డు చేయండి. వాంగ్మూలంగా రాసి, వేలిముద్ర వేయించి, గ్రామసభలో చదివి తీర్మానం చేయించండి.

పెద్దవాళ్ళు ఒక్కొక్కరే వెళ్ళిపోతున్నారు. మా అవ్వ ఇంకా ఉంది. ఈ ఆదివారం నేను ఆమెతో వెళ్తున్నాను. మీరెప్పుడు వెళ్తున్నారు?

జై ఆదివాసీ.