జపాను నటుడు తకాషి షిమురా

చలనచిత్రము చూచి వచ్చినవారు మొదట నాయకుని పేరు చెప్పుదురు. కథలోని ముసలి వైద్యుడో, గుమాస్తాయో మనస్సులో నిలిచియున్నను, ఆ వేషము ధరించినవాని పేరు అడుగువారు తక్కువ. యుద్ధానంతర జపాను చిత్రములలో అట్టి పాత్రలకు ప్రాణము పోసినవాడు తకాషి షిమురా.

ఆయన 1905లో హ్యోగో ప్రాంతమున, ఇకునో అను గనుల పట్టణములో, సమురాయి వంశమున జన్మించెను. ఒసాకా నగరపు నీటిసరఫరా కార్యాలయములో కొలువు చేయుచు, రాత్రివేళ కాన్సాయి విశ్వవిద్యాలయమున ఆంగ్లసాహిత్యము చదివెను. నాటకములపై మక్కువచే పనికి తరచు రానందున ఆ కొలువు పోయినది. పిమ్మట రంగస్థలమునుండి చిత్రసీమకు వచ్చెను. అకిరా కురొసావా 1943లో తీసిన మొదటి చిత్రము మొదలుకొని, ఆ దర్శకుని 30 చిత్రములలో 21 చిత్రములందు షిమురా నటించెను.

1948 నాటి ‘తాగుబోతు దేవదూత’లో ఆయన బీదల వైద్యుడు. బాంబులకు కూలిన టోక్యోలో, మురికిమడుగు ప్రక్కనే ఆయన వైద్యశాల. క్షయరోగి యగు ఒక రౌడీని తిట్టుచునే బ్రతికింప పాటుపడును. రౌడీగా నటించిన తొషిరో మిఫునె ఆ చిత్రముతో ప్రసిద్ధుడయ్యెను. కాని ఆ యువకుని ఆవేశము మనకంతగా తగులుటకు, దాని కెదురు నిలిచిన వైద్యుని మొండిదయయే కారణము. ఎదుటివాని నటనకు ఊతమగుట గుణపాత్రధారి విద్య.

1952లో ‘ఇకిరు’ వచ్చినది. ఆ మాటకు జీవించుట యని అర్థము. ఇందు షిమురాయే కథానాయకుడు. వతనాబె యను నగరపాలక సంఘోద్యోగి ముప్పదియేండ్లు కాగితములపై ముద్రలు వేసినవాడు. కడుపులో పుండు కేన్సరని తెలిసినపిదప, మురికిగుంటను పూడ్చి పిల్లలకు ఆటస్థలము కట్టింపుడని తల్లులు పెట్టుకొన్న అర్జీని చేపట్టును. గదిగదికి తిరిగి, తల వంచి, అవమానములు దిగమ్రింగి పని నెరవేర్చును. ఒకనాడు నగర కార్యాలయపు బల్లయొద్ద నిజముగా కూర్చున్న నటుడు, ఈ పాత్రను గొంతు పెంచక, పెద్ద కన్నులతో, వంగిన వీపుతో నడపెను.

1954లో వచ్చిన ‘ఏడుగురు సమురాయిలు’లో ఆయన నాయకత్వము వహించు కాంబే. దొంగ చేతిలోని పసివానిని రక్షించుటకై, సమురాయికి గౌరవచిహ్నమగు సిగను తీయించి, సన్యాసివేషము దాల్చును. రైతులు పెట్టు అన్నమే కూలిగా వారి గ్రామమును కాపాడును. ఆ యేటనే ‘గాడ్జిల్లా’లో పురాజీవ శాస్త్రజ్ఞుడుగా కనిపించెను. ప్రళయమువంటి ఆ మృగమును చంపుటకన్న దాని నెరుగుట ముఖ్యమని తలచు వృద్ధుడాతడు.

వృద్ధాప్యమున ఆయనకొరకే కురొసావా 1980 నాటి ‘కగెముష’లో ఒక చిన్న పాత్రను వ్రాసెను. విదేశములకు పంపిన ప్రతిలో ఆ భాగమును తొలగించిరి. 1982లో షిమురా కన్నుమూసెను.

‘ఇకిరు’ చివర, వతనాబె చనిపోయినపిదప, ఆటస్థలము కట్టించిన ఖ్యాతిని పై అధికారులు పంచుకొందురు. అప్పుడు ఆ పేటతల్లులు వచ్చి, అతని పటము ముందు ధూపము వేసి, వెక్కివెక్కి ఏడ్తురు. వారెవ్వరికిని ఉపన్యాసము రాదు; పని ఎవరు చేసిరో మాత్రము తెలియును. ఇట్టి నటుని విషయమున ప్రేక్షకులు చూపదగిన మర్యాదయు ఇంతియే: చిత్రము ముగిసినపిదప ఆ ముసలి వైద్యుని పేరు కూడ అడిగి తెలిసికొనుట.