తులం బరువు లేని తల్లి



ఇవాళ ఒక చిన్న గబ్బిలం సంగతి చెప్పుకుందాం. ఇది మన దేశంలో ఉండదు. సముద్రాల అవతల, అమెరికా, కెనడా దేశాల్లో ఉంటుంది. అక్కడివాళ్ళు దీన్ని 'లిటిల్ బ్రౌన్ బ్యాట్' అంటారు. అంటే చిన్న గోధుమరంగు గబ్బిలం అని అర్థం.

మన ఊళ్ళల్లో మర్రిచెట్లకు వేలాడే పెద్ద గబ్బిలాలు మీకు తెలుసు. అవి పండ్లు తింటాయి. ఇది అంత పెద్దది కాదు. తోకతో కలిపి ఒళ్ళు బెత్తెడు ఉంటుంది. రెక్కలు చాపితే జానెడు, ఆపైన కొంచెం. బరువు మామూలుగా 7 నుంచి 9 గ్రాములు. తులం బంగారం కన్నా తేలికే!

ఒంటిమీద బొచ్చు గోధుమరంగులో ఉంటుంది. నూనె రాసిన జుట్టులాగా నిగనిగలాడుతుంది. పొట్ట కింద రంగు కాస్త తేలిక. చెవులు, రెక్కలు నలుపు. రెక్కలకు ఈకలు ఉండవు. దాని చేతివేళ్ళే పొడుగ్గా సాగి ఉంటాయి. వాటి నడుమ పలచని తోలు ఉంటుంది. గొడుగు పుల్లల మధ్య గుడ్డ ఉన్నట్టు అన్నమాట.

గబ్బిలానికి కళ్ళు కనబడవని కొందరు అంటారు. అది నిజం కాదు. కళ్ళు కనబడతాయి. అయితే చీకట్లో అది చెవులతోనే దారి చూసుకుంటుంది. సన్నగా కూత వేస్తుంది. ఆ కూత మన చెవికి వినబడదు. అది పురుగుకు తగిలి తిరిగి వస్తుంది. దాన్నిబట్టి పురుగు ఎక్కడుందో పట్టేస్తుంది. దోమలు, చిన్న పురుగులు దాని తిండి. ఒక్క రాత్రిలో తన బరువులో సగం దాకా తింటుంది. పాలిచ్చే తల్లి అయితే ఇంకా ఎక్కువే తింటుంది.

ఈ గబ్బిలం ఎంత దూరం పరుచుకుని ఉందో చూడండి. ఉత్తరాన మంచు కురిసే అలాస్కా ఉంది. అక్కడినుంచి కెనడా ఈ చివర నుంచి ఆ చివరి దాకా ఉంటుంది. అమెరికాలో చాలా రాష్ట్రాల్లో ఉంటుంది. దక్షిణాన వేడి మైదానాల్లో మాత్రం తక్కువ.

ఎండాకాలంలో ఆడ గబ్బిలాలన్నీ ఒకచోట చేరతాయి. పాత ఇళ్ళ అటకలు, చెట్టు తొర్రలు వాటి పురిటిళ్ళు. ఒక్కో తల్లి ఏడాదికి ఒక్క పిల్లనే కంటుంది. వందల పిల్లల మధ్య కూడా తన పిల్లను గొంతు, వాసన పట్టి గుర్తుపడుతుంది. మూడు వారాలకే పిల్ల ఎగరడం మొదలుపెడుతుంది.

చలికాలంలో పురుగులు దొరకవు. అప్పుడు గుహల్లో, పాత గనుల్లో చేరి నెలల తరబడి నిద్రపోతాయి. ఒంట్లో దాచుకున్న కొవ్వే అప్పుడు వాటికి తిండి.

ఆ నిద్రలోనే వాటికి ఆపద వచ్చింది. 2006లో న్యూయార్క్ రాష్ట్రంలో ఒక గుహలో గబ్బిలాల ముక్కుల మీద తెల్లని బూజు కనిపించింది. ఈ బూజు పట్టిన గబ్బిలం మాటిమాటికీ నిద్ర లేస్తుంది. లేచినప్పుడల్లా కొవ్వు కరిగిపోతుంది. చలికాలం గడవకముందే ఆకలితో చచ్చిపోతుంది. ఈ బూజు మనుషులకు అంటదు. కానీ గుహల్లో తిరిగే మనుషుల బూట్లకు, బట్టలకు అంటుకుని ఇంకో గుహకు పోగలదు. అలా గబ్బిలాలు లక్షల్లో చచ్చిపోయాయి. జబ్బు సోకిన చోట్ల నూటికి తొంభైకి పైగా పోయాయి. 2014లో కెనడా ప్రభుత్వం దీన్ని అంతరించే ప్రమాదం ఉన్న జీవుల జాబితాలో చేర్చింది.

పోయినవి మళ్ళీ నిండడం ఎందుకు కష్టం? తల్లికి ఏడాదికి ఒక్క పిల్లే కదా! ఎలుకలాగా పది పిల్లలను కనదు. ఈ గబ్బిలం 30 ఏళ్ళు దాటి బతకగలదు. కానీ ఒక్క చలికాలంలో పోయిన గుంపు తిరిగి పెరగాలంటే ఏళ్ళూ పూళ్ళూ పడుతుంది.

అయినా ఆశ పోలేదు. కొన్ని చోట్ల మిగిలినవి జబ్బును తట్టుకుంటున్నాయి. జనం కూడా సాయం చేస్తున్నారు. గబ్బిలాలుండే గుహల్లోకి చలికాలంలో పోవడం లేదు. గుహనుంచి వచ్చాక బూట్లు శుభ్రం చేస్తున్నారు. వాటికి చెక్కపెట్టెలు కట్టిపెడుతున్నారు. అటక కంత మూయాలంటే, పిల్లలు ఎగిరిపోయేదాకా ఆగుతున్నారు. లోపల పిల్లలుండగా కంత మూస్తే తల్లి బయటే ఉండిపోతుంది, పిల్లలు ఆకలితో చచ్చిపోతాయి.

అక్కలారా! ఒక జాగ్రత్త మాత్రం మరువకండి. ఏ గబ్బిలాన్నీ వట్టి చేత్తో పట్టుకోకూడదు. అది కరిస్తే ఆ చోటు సబ్బుతో బాగా కడిగి, వెంటనే ఆసుపత్రికి పోవాలి. దాన్ని దూరంనుంచి చూద్దాం. దాని మానాన దాన్ని బతకనిద్దాం.

చీకట్లో తిరిగేదంతా చెడ్డది కాదు. తులం బరువు లేని ఆ తల్లికీ ఒక పిల్ల ఉంది. ఆ ఒక్క పిల్ల బతికితేనే దాని జాతి నిలుస్తుంది.