తత్కాల్ వేళ లాగిన్ బాట్లు

ఏలూరులోనో తాడేపల్లిగూడెంలోనో రైలెక్కాల్సినవాళ్లు ఉదయం 10 గంటలకు ఏసీ తత్కాల్ కోసం ఫోన్ పట్టుకుని కూర్చుంటారు. పాస్‌వర్డ్ కొట్టేలోపే బెర్తులు అయిపోతాయి. బుకింగ్ మొదలైన తొలి ఐదు నిమిషాల్లో లాగిన్ ప్రయత్నాల్లో సగం దాకా బాట్లవేనని 2025 జూన్‌లో రైల్వే శాఖే చెప్పింది. బాట్లంటే మనిషి చెయ్యి పడకుండా వాటంతటవే పనిచేసే ప్రోగ్రాములు.

నిజానికి ఈ విద్య చెడ్డదేమీ కాదు. 2004లో పుట్టిన సెలీనియం లాంటి టూల్స్ యూజర్ నేమ్, పాస్‌వర్డ్ తామే నింపి, బటన్ నొక్కి, లాగిన్ పేజీ సరిగ్గా నడుస్తోందో లేదో పరీక్షిస్తాయి. పదే పదే తప్పు పాస్‌వర్డ్ కొడితే ఖాతా లాక్ అవుతోందా అనీ చూస్తాయి. ఇలాంటి ప్రోగ్రామే దొంగల చేతిలో పడితే, ఎక్కడో లీకైన పాస్‌వర్డులను వేల ఖాతాల మీద వరసపెట్టి ప్రయోగిస్తుంది. కొల్లేటి చేపల రైతు ఫేస్‌బుక్‌కీ బ్యాంకుకీ ఒకే పాస్‌వర్డ్ పెట్టుకుంటే, ఒకటి బయటపడ్డాక రెండోదానికీ ముప్పే.

తత్కాల్ బాట్లను అడ్డుకోవడానికే రైల్వే 2.5 కోట్ల అనుమానాస్పద యూజర్ ఐడీలను నిలిపేసింది. ఆన్‌లైన్ తత్కాల్‌కు 2025 జూలై 1 నుంచి ఆధార్ ధ్రువీకరణ, అదే నెల 15 నుంచి ఓటీపీ తప్పనిసరి చేసింది. మీరూ ఒక్కో ఖాతాకు ఒక్కో పాస్‌వర్డ్ పెట్టుకోండి. ఓటీపీ ఎవరడిగినా చెప్పకండి. డబ్బు పోయిందా, వెంటనే 1930కి ఫోన్ చేయండి.