నదేజ్దా నోట నిలిచిన కవిత్వం

 పట్టాలు అందుకున్నారు కదా. ఇక నా గొడవ వినండి.

సాహిత్యం బోధించడం నా వృత్తి. మౌఖిక పరీక్షకు వచ్చిన ప్రతి ఒక్కరినీ నచ్చిన పద్యం ఒకటి చెప్పమనేవాణ్ణి. ఒకసారి బాగా చదివే అమ్మాయి, ‘‘సార్, ఫోన్లు బయట పెట్టించేశారు కదా!’’ అంది. అందరూ నవ్వారు. నాకు మాత్రం మనసు చివుక్కుమంది. ఆ రోజు వాళ్లకు రష్యన్ కవి ఒసీప్ మాండెల్‌స్టామ్ చివరి రోజుల గురించి చెప్పాను. మీకూ చెబుతాను.

1933లో ఆయన స్టాలిన్ మీద ఒక కవిత అల్లాడు. కాగితం మీద పెట్టకుండా, నమ్మిన కొద్దిమందికే వినిపించాడు. అయినా మరుసటి ఏడు అరెస్టు చేసి, ముందు చెర్డిన్‌కు, తర్వాత వరోనెజ్‌కు ప్రవాసం పంపారు. 1938 మేలో మళ్లీ పట్టుకుని అయిదేళ్ల శిక్ష వేశారు. ఖైదీల రైల్లో వ్లదివొస్తోక్ దగ్గరి శిబిరానికి చేరేసరికి అక్టోబరు వచ్చింది. అప్పటికే చిక్కి శల్యమయ్యాడు. వెచ్చని బట్టలు లేవు. తమ్ముడికి ఉత్తరం రాస్తూ తిండి, బట్టలు పంపి చూడమన్నాడు. భార్య నదేజ్దా బతికే ఉందో లేదో వెంటనే తెలపమన్నాడు. అదే అక్టోబరు 22న ఆమె ఆయనకు ఉత్తరం రాసింది. అది చేరనే లేదు. డిసెంబరు 27న, 47 ఏళ్లకే కన్నుమూశాడు. తాను పంపిన పార్శిల్ తిరిగొచ్చాక గాని ఆమెకు సంగతి తెలియలేదు.

మరి కవితలు ఎలా మిగిలాయి? కొన్ని రాతప్రతులు స్నేహితులు దాచారు. కానీ సోదాల కాలంలో కాగితానికి భరోసా ఏది? అందుకే నదేజ్దా కవితలను కంఠతా పట్టింది. స్త్రూనినోలో నూలు మిల్లు రాత్రి షిఫ్టులో, యంత్రాల మధ్య తిరుగుతూ వల్లెవేసుకునేది. తర్వాత తాష్కెంట్, చితా, ప్స్కోవ్ అంటూ ఊళ్లు మారుతూ ఇంగ్లిష్ పాఠాలు చెప్పుకుని బతికింది. ఆయన మరణం తర్వాత సోవియట్ దేశంలో ఆయన కవితల సంపుటి వెలువడింది 1973లో!

మీరేమో, ‘అన్నీ ఎక్కడో భద్రంగా ఉన్నాయిలెండి’ అంటారు. ఆ ‘ఎక్కడో’కు తాళంచెవి ఎవరి దగ్గరుందర్రా? ఇంత చదువు చదివి, నాలుగు పాదాల పద్యానికి మీ బుర్రలో చోటు లేదా? ఉంది. నాకు తెలుసు. సినిమా పాటలు చరణాలతో సహా వస్తాయి మీకు. బద్ధకం, అంతే.

సభ అయ్యాక భోజనాల దగ్గరే ఉంటాను. వచ్చి ఒక్క పద్యం అప్పజెప్పండి. ఎక్కడైనా ఆగిపోతే నేను అందిస్తాను.