వానల లెక్క కార్తెల్లో

కొత్త లోకాన్ని కల్పించే కథకులు దానికో కేలండర్ కూడా అల్లుతారు. అనంతపురం రైతుకు అలాంటిది ఎప్పటినుంచో ఉంది: 27 నక్షత్రాల పేర్లతో 27 కార్తెలు. సూర్యుడు ఒక్కో నక్షత్రంలో ఉండే 13, 14 రోజులు ఒక కార్తె. చాంద్రమాన నెలలు ఏటా 11 రోజులు వెనక్కి జరిగి, అధికమాసంతో సర్దుకుంటాయి. కార్తెలకు ఆ గొడవే లేదు. ఈ కాలంలో మృగశిర ఏటా జూన్ 8 ప్రాంతంలోనే వస్తుంది. రోహిణిలో రోళ్లు పగులుతాయన్నది మే చివరి ఎండను చూసి పుట్టిన సామెతే!

పడమటి కనుమల చాటున ఉన్న ఈ సీమకు నైరుతి మేఘం తేలిపోయి వస్తుంది. జూన్ చినుకును నమ్మి చెనిక్కాయ విత్తితే మొలక ఎండిపోవచ్చు. పెద్ద వానలు ఎక్కువగా సెప్టెంబరులో, పుబ్బ, ఉత్తర కార్తెల్లో. వాతావరణ శాఖ కబురు ఇప్పుడు ఫోనుకే వస్తోంది. అయినా రచ్చబండ మీద వాన మాటొస్తే ముందు కార్తె పేరే వినిపిస్తుంది.