మూసీ యొడ్డున కాలినడక

మన వాడపల్లికడ కృష్ణలో కలియు మూసీనది, పెద్దలు ముచికుంద యని పిలిచిన యేరు, హైదరాబాదు నగరము నడుమనుండియే వచ్చుచున్నది. మిర్యాలగూడనుండి ఆ నగరమునకు పనులపై పోవువారు పెక్కండ్రు. దానిని నడచి చూచినవారు కొలదిమంది.

క్రొత్త నగరమును తెలిసికొనుటకు కాళ్ళు మాత్రమే చాలవు. ఆ వాడలో పుట్టి పెరిగినవాని తోడు కావలెను. నాకు అఫ్జల్‌గంజ్ వృద్ధుడొకడు తోడు వచ్చెను. నేను చార్మినారు చూడవలెననగా, ఆయన నన్ను పురానాపూలుకడకు గొనిపోయి, "పంతులుగారూ! ముందు వంతెన, ఆ వెనుక ఊరు" అనెను. నిజమే. వంతెన 1578లో కట్టబడెను. చార్మినారు 1591 నాటిది. గోలకొండ జనులకు ఏరు దాటు దారి యేర్పడిన పిమ్మటనే ఆవలి గట్టున నగరము వెలసెను.

అటనుండి ఉస్మానియా ఆసుపత్రి ఆవరణములోని చింతచెట్టుకడకు నడచితిమి. 1908 సెప్టెంబరు 28న మూసీ పొంగి వేలమందిని పొట్టబెట్టుకొన్నపుడు, ఆ చెట్టెక్కి సుమారు 150 మంది బ్రదికిరి. "వారిలో మా తాత యొకడు" అని మాత్రము పలికి ఆయన ఊరకుండెను. ఆ వరద పిమ్మటనే, విశ్వేశ్వరయ్యగారి సూచనలపై ఉస్మాన్‌సాగరు 1920లోను, హిమాయత్‌సాగరు 1927లోను పూర్తియైనవి. ఈ తేదీలు పుస్తకములలో దొరకును. ఆ తాతగారి మాట దొరకదు.

అట్టి వృద్ధులు మన యూళ్ళలోను కలరు. రేపు నగరవాసి యొకడు వాడపల్లికి వచ్చి, సంగమమును, అగస్త్యేశ్వరుని, నరసింహస్వామిని చూపుమని యడిగినచో, తోడు నడచి చెప్పగల పిల్లలు మనకు వలదా? పెద్దలున్నపుడే వారి వెంట నడువుడు, అడిగి తెలిసికొనుడు.