సరంగు చేతి పత్రం: ‘వద్దు’ అనగలిగే హక్కు

(నదీతీర గ్రామాల యువకుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



మోటారు పడవ నడిపేవాణ్ని మనం సరంగు అంటాము. ఇది పారశీక పదం. ‘సర్‌హంగ్’ అంటే దళనాయకుడు. ‘లష్కర్’ అంటే సైన్యం; ఓడ పనివారికి లస్కర్లనే పేరు అందులోనుంచే వచ్చింది. ఆవిరి ఓడల కాలంలో సిల్హెట్, నోవాఖాలీ, చిట్టగాంగ్ ప్రాంతాల ముస్లిములు వేలాదిగా ఈ పనిలో ఉండేవారు. నీటి మీది కష్టం మనకు కొత్తది కాదు. అయితే ఆ కష్టానికి చట్టం ఇచ్చే గుర్తింపును మనలో ఎందరు పొందారు? ఈ రోజు నేను మాట్లాడదలచినది దాని గురించే.

నదులు, కాలువలలో నడిచే యాంత్రిక నౌకలకు వందేళ్లపాటు 1917 నాటి చట్టమే ఆధారం. దాని స్థానంలో 2021లో కొత్త అంతర్గత నౌకల చట్టం వచ్చింది. పడవకు రిజిస్ట్రేషన్ ఉండాలి. అది ప్రయాణానికి తగినదేనని తేల్చే సర్వే ధ్రువపత్రం ఉండాలి. బీమా ఉండాలి. ఈ మూడూ యజమాని చూసుకోవలసినవి. నాలుగవది నడిపే మనిషిది. అదే యోగ్యతా ధ్రువపత్రం. మనం సరంగు లైసెన్సు అంటున్నది దీనినే.

‘చిన్ననాటి నుండి ఏటి మీదే పెరిగాను, నాకు పరీక్ష ఏమిటి?’ అని కొందరు అడుగుతారు. సుడి ఎక్కడుందో, ఇసుక మేట ఎక్కడ వేసిందో మీకు తెలుసు. ఆ జ్ఞానం విలువైనది. కానీ ఎదురుగా మరో మోటారు పడవ వస్తే ఏ పక్కకు తిప్పాలి? రోడ్డు మీద మనం ఎడమ పక్కకు జరుగుతాము. నీటి మీద ఇద్దరూ తమ కుడి పక్కకు తిప్పాలి. కుడికి తిరుగుతున్నానని చెప్పడానికి ఒక పొట్టి కూత, ఎడమకైతే రెండు. రాత్రివేళ పడవ ఎడమ వైపు ఎర్ర దీపం, కుడి వైపు ఆకుపచ్చ దీపం వెలగాలి. రంగులు గుర్తించే చూపును పరీక్షించడానికి కారణమిదే. ఒకరికి తెలిసి ఎదుటివారికి తెలియకపోతే ఆ నియమం ఎవరినీ కాపాడదు.

2017 నవంబరు 12న కృష్ణానదిలో ఫెర్రీ ఘాట్ వద్ద అనుమతి లేని పడవ బోల్తాపడి 20 మందికి పైగా మరణించారు. 2019 సెప్టెంబరు 15న గోదావరి వరదలో కచ్చులూరు వద్ద పర్యాటక పడవ మునిగింది. 26 మందే ప్రాణాలతో బయటపడ్డారు. 2023 మే 7న కేరళలోని మలప్పురం జిల్లా తానూరులో 22 మంది చనిపోయారు. వారిలో చాలామంది పిల్లలు. ఒకే కుటుంబం నుండి పదిమందికి పైగా పోయారు. అది చేపలవేట పడవను విహారానికి మార్చినది. పరిమితికి మించి జనాన్ని ఎక్కించుకొని చీకటి పడే వేళ బయలుదేరింది.

కచ్చులూరులో వరద, తానూరులో అధిక జనం, చీకటి. కారణాలు వేరైనా, పడవ రేవులో ఉండగానే ‘ఈ పూట వద్దు’ అని ఎవరో ఒకరు ఆపవలసింది. ఆ మాట అనవలసినవాడు సరంగే. కానీ రోజుకూలికి పనిచేసే, ఏ పత్రమూ లేని సరంగు ఆ మాట అంటే యజమాని మరొకణ్ని పిలుస్తాడు. ప్రమాదం జరిగాక మాత్రం పోలీసులు ముందుగా వెతికేది అతణ్నే. ధ్రువపత్రం ఉన్న సరంగుకు చట్టం ఒక స్థానం ఇస్తుంది. ‘ఇంతమందిని ఎక్కిస్తే నా పత్రం పోతుంది, నేను నడపను’ అని అతడు చెప్పగలడు. లైసెన్సు పడవ నడిపే హక్కు మాత్రమే కాదు, నడపనని చెప్పే హక్కు కూడా.

ఇందుకు కావలసిన సన్నాహం ఈ రోజే మొదలుపెట్టండి. వయసును రుజువుచేసే పత్రం సిద్ధం చేసుకోండి. ఆధార్‌లో, బడి పత్రాలలో పేరు ఒకే తీరుగా ఉందో లేదో చూసుకోండి. మన పేర్లను ఒక్కో చోట ఒక్కో విధంగా రాయడం వల్ల ఎన్నో దరఖాస్తులు ఆగిపోతున్నాయి. ఏ పడవ మీద, ఎప్పటినుండి ఎప్పటిదాకా పనిచేశారో యజమాని చేత ఎప్పటికప్పుడు రాయించుకోండి. కొలువు మానేశాక ఆ కాగితం దొరకదు. కంటి పరీక్ష ముందే చేయించుకోండి. వేట పడవ మీద పనిచేసేవారు ఒక మాట గుర్తుంచుకోవాలి: ఆ పడవకున్న అనుమతి చేపలవేటకే, ప్రయాణికులను ఎక్కించడానికి కాదు.

ప్రభుత్వాన్ని కూడా మనం అడగాలి. అంతర్గత నౌకాయాన సిబ్బందికి శిక్షణనిచ్చే జాతీయ సంస్థ 2004 నుండి పాట్నాలో ఉంది. కృష్ణా గోదావరి రేవులలో దినకూలీ చేసే యువకుడు అంతదూరం ఎలా వెళ్లగలడు? ఈ నదులు, వాటి కాలువలు 4వ జాతీయ జలమార్గంలో ఉన్నాయి. కాబట్టి ఈ తీరంలోనే, తెలుగులోనే శిక్షణ, పరీక్ష జరగాలని కోరడం న్యాయం. మన సంఘాలు పరీక్ష రుసుము చెల్లించడంతో, దరఖాస్తులు నింపిపెట్టడంతో ఆరంభించవచ్చు.

ఇక్కడున్న తల్లులకు, అక్కచెల్లెళ్లకు ఒక విన్నపం. పిల్లలతో పడవ ఎక్కేముందు ‘సరంగుకు లైసెన్సు ఉందా? అందరికీ లైఫ్ జాకెట్లు ఉన్నాయా?’ అని అడగండి. సమాధానం రాకపోతే ఎక్కకండి. రేవులో పదిమంది అలా అడిగిన నాడు యజమానులే లైసెన్సున్న సరంగులను వెతుక్కుంటూ వస్తారు. ఆ వెతుకులాటలో మన పిల్లల పేర్లు ముందుండాలని కోరుతూ సెలవు తీసుకుంటున్నాను.